రెండు పంచాంగాలు, రెండు అష్టములు: నాన్నగారి తద్దినం ఏ రోజున పెట్టాలి?

కోనసీమ ఆడపడుచు:
అందరికీ నమస్కారం. మా నాన్నగారు మూడేళ్ల కిందట మాఘ బహుళ అష్టమి నాడు కాలం చేశారు. రాబోయే తద్దినానికి తేదీ చూసుకుందామంటే రెండు పంచాంగాలు రెండు రోజులు చెబుతున్నాయి. మా పురోహితులు వాడే, పాత గ్రంథాల లెక్కతో వేసిన పూర్వ పద్ధతి పంచాంగంలో అష్టమి మంగళవారం మధ్యాహ్నం 12 గంటల 18 నిమిషాలకు వచ్చి, బుధవారం 12 గంటల 40 నిమిషాలకు వెళ్లిపోతోంది. హైదరాబాదులో ఉండే తమ్ముడు కొన్న, ఆకాశంలో కనిపించే స్థానాలకు సరిపడేలా వేసిన దృక్ పంచాంగంలో అదే అష్టమి మంగళవారం సాయంత్రం 4 గంటల 5 నిమిషాలకు గానీ రావడం లేదు. బుధవారం 3 గంటల 50 నిమిషాల దాకా ఉంటోంది. తద్దినానికి అపరాహ్ణంలో తిథి ఉండాలి. అమలాపురంలో ఆ రోజుల్లో అపరాహ్ణం సుమారుగా ఒకటిన్నర నుంచి మూడు ముప్పావు దాకా ఉంటుంది. అందుచేత పురోహితులు మంగళవారం అంటున్నారు, తమ్ముడు బుధవారానికి సెలవు పెట్టేశాడు. అమ్మ నిన్నటి నుంచి రెండు పుస్తకాలనూ ఒళ్లో పెట్టుకుని, ఒకదాని మీద ఒక వేలు, రెండోదాని మీద ఇంకో వేలు ఆనించి చూస్తూ కూర్చుంటోంది. తెలిసినవారు దయచేసి చెప్పండి.

లెక్కల మాస్టారు:
అమ్మా, బుధవారమే సరైనది. కారణం వివరంగా చెబుతాను. సూర్యుడి నుంచి చంద్రుడు 12 డిగ్రీలు జరిగితే ఒక తిథి. చంద్రుడు ఎప్పుడూ ఒకే వేగంతో నడవడు కాబట్టి అతని సగటు స్థానాన్ని దిద్దుకోవాలి. పూర్వ పద్ధతికి ఆధారమైన సూర్యసిద్ధాంత గ్రంథం చెప్పిన ఆ దిద్దుబాటు, అంటే మందఫల సంస్కారం, గరిష్ఠంగా ఐదు డిగ్రీల పైచిలుకు. అమావాస్య, పౌర్ణమి వేళల్లో అది ఆకాశంతో బాగానే సరిపోతుంది, ఎందుకంటే సూర్యుడి ఆకర్షణ వల్ల చంద్రుడి నడకలో వచ్చే మరో పెద్ద తేడా ఆ రెండు వేళల్లోనూ ఆ లెక్కలోనే కలిసిపోతుంది. సగం చంద్రుడి వేళ, అంటే మీ అష్టమి దగ్గర, అదే తేడా ఎదురు తిరుగుతుంది, కావలసిన దిద్దుబాటు ఏడున్నర డిగ్రీల దాకా పోతుంది. మిగిలిపోయిన రెండున్నర డిగ్రీలు తిథి లెక్కలో సుమారు ఐదు గంటలు. నాన్నగారిది అమావాస్య తిథి అయితే మీకు ఇంత చిక్కు వచ్చేది కాదు.

గ్రహణాల విషయం కూడా గమనించండి. పూర్వ పద్ధతి వారు సైతం గ్రహణ సమయాలను దృగ్గణితంతోనే వేసుకుంటారు, ఎందుకంటే అక్కడ తప్పితే ఊరంతా చూస్తుంది. అష్టమి తప్పితే ఎవరికీ కనిపించదు కాబట్టి అలాగే సాగిపోతోంది.

ఘడియ విఘడియ:
మాస్టారూ, మీ లెక్కను నేను కాదనను. మాది నాలుగు తరాలుగా పంచాంగం గుణించే ఇల్లు. కానీ మీరు ఒక మాట వదిలేశారు: బాణవృద్ధి, రసక్షయం. ఘడియ అంటే 24 నిమిషాలు. తిథి 60 ఘడియలకు మించి ఐదు ఘడియలే పెరగాలి, ఆరు ఘడియలే తగ్గాలి. అంటే గరిష్ఠం 65, కనిష్ఠం 54. మీ దృక్ తిథులు ఒక్కోసారి 50 ఘడియలకు పడిపోతాయి, ఒక్కోసారి 67 దగ్గరికి పోతాయి. 1612 నాటి నిర్ణయసింధువు గానీ, 1790 నాటి ధర్మసింధువు గానీ, ఆ ధర్మశాస్త్ర గ్రంథాలు రాసినవారు ఏ రోజున శ్రాద్ధం, ఏ రోజున ఉపవాసం అని నిర్ణయించినప్పుడు వారి ముందు ఉన్నది 54, 65 హద్దుల తిథి. ఆ కొలతకు కుట్టిన చొక్కాను మీరు వేరే ఒంటికి తొడుగుతున్నారు.

గ్రహణం కంటికి కనిపించే ఫలం కనుక దానికి దృక్కు కావాలి. తద్దినం కంటికి కనిపించని ఫలం కనుక దానికి శాస్త్రం చెప్పిన గణితం కావాలి. పెద్దలు ఈ రెండింటినీ తెలిసే విడదీశారు, మాకు లెక్క రాక కాదు.

ఓరుగల్లు వాసి:
మా ఇంట్లో వర్జ్యం, దుర్ముహూర్తం, బల్లిపాటు ఫలితాలు చూడడానికే పంచాంగం తీస్తారు. తిథులన్నీ మా అయ్యగారు చెబుతారు. ఆయన చెప్పిన రోజే మాకు పండుగ.

లెక్కల మాస్టారు:
ఘడియ గారూ, బాణవృద్ధి రసక్షయం అనేది ఎక్కడి నియమం? అది నియమం కాదు, ఐదు డిగ్రీల సంస్కారంతో గుణిస్తే వచ్చే ఫలితం. ఏడాది పొడుగునా తిథుల నిడివిని నేను స్వయంగా కూడి చూశాను. కోల్‌కతాలోని పొజిషనల్ ఆస్ట్రానమీ సెంటర్ వెలువరించే రాష్ట్రీయ పంచాంగం ముందు పెట్టుకుని, ఒక్కో తిథి అంత్యం నుంచి దాని ముందు తిథి అంత్యాన్ని తీసివేస్తూ పోతే, 54 ఘడియల లోపు తిథులు వాటంతట అవే బయటపడతాయి. ఆకాశంలో చంద్రుడు అలా నడుస్తుంటే, పుస్తకంలో హద్దు గీసి అతణ్ణి అందులోనే నడవమంటే ఎలా?

ఇక శాస్త్రం అంటారా? సూర్యసిద్ధాంతమే స్పష్టాధికారం అనే అధ్యాయంలో, గ్రహాలు ఏ విధంగా దిద్దితే దృక్తుల్యతను పొందుతాయో ఆ సంస్కారాన్ని చెబుతానని అంటుంది. కంటికి సరిపోవడమే తన లక్ష్యమని ఆ గ్రంథమే చెప్పుకుంది.

ఘడియ విఘడియ:
దృక్తుల్యత అన్న మాటను నేను చిన్నప్పుడే వల్లించాను. అది గ్రహ స్పష్టీకరణకు చెప్పింది. శ్రాద్ధ తిథికి 54, 65 హద్దులు ఎందుకు వద్దో మీరు ఇంకా చెప్పలేదు. నా ప్రశ్న అదొక్కటే.

డాలస్ తెలుగు:
ఇక్కడ మాకు ఇంతకంటే పెద్ద తేడా వస్తోంది. తిథి అంతమయ్యే క్షణం లోకమంతటా ఒకటే అయినా, చలికాలంలో మా డాలస్ గడియారానికి ఇండియాతో పదకొండున్నర గంటల తేడా ఉంటుంది. విజయవాడ సమయాలను ఉన్నవి ఉన్నట్లుగా పట్టుకుని వ్రతాలు చేసేవారు ఇక్కడ చాలామంది ఉన్నారు. దృక్కా, పూర్వమా అని వాదించుకునే ముందు ఆ పొరపాటును దిద్దుకోవడం మంచిదని నా మనవి.

లెక్కల మాస్టారు:
ఘడియ గారూ, మీరు 54 దగ్గరే నిలబడిపోయారు. శాస్త్రవేత్త మేఘనాద్ సాహా అధ్యక్షతన 1952లో ఏర్పడిన పంచాంగ సంస్కరణ సంఘం 1955లో నివేదిక ఇచ్చింది. 1957 మార్చి 22 నుంచి జాతీయ పంచాంగం అమలులోకి వచ్చింది. అప్పటి నుంచి దేశానికి ఒక సరైన గణితం అందుబాటులో ఉంది. అయినా మా ఇంట్లో ఏం జరిగిందో చెబుతాను. మా అమ్మగారి తిథి కూడా అష్టమే. ఒక ఏడు పురోహితుడు ఒక రోజు చెప్పాడు, మా అన్నయ్య ఊళ్లో పురోహితుడు మరో రోజు చెప్పాడు. నువ్వు తప్పు రోజున పిండం పెట్టావని అన్నయ్య నలుగురిలో అన్నాడు. ఆనాటి నుంచి పదకొండేళ్లుగా ఒకే తల్లికి ఇద్దరు కొడుకులం వేర్వేరు ఊళ్లలో, వేర్వేరు రోజుల్లో పెడుతున్నాం. తప్పని తెలిసిన లెక్కను పట్టుకుని వేలాడే మీలాంటివారి మొండితనం వల్లనే ఇలాంటి ఇళ్లు చీలిపోతున్నాయి.

ఘడియ విఘడియ:
మీ ఇంట్లో అన్నదమ్ములు విడిపోతే దానికి నేను, మా తాతగారు బాధ్యులమా? మాట జారకండి. మా తాతగారు శ్రావణం వెళ్లగానే మరుసటి ఏటి గణితానికి కూర్చునేవారు. రాతిపలక మీద బలపంతో గుణించి, సరిచూసుకుని, ఫలితాన్ని మాత్రం నోటుపుస్తకంలోకి ఎక్కించి, పలకను తడి గుడ్డతో తుడిచేవారు. రోజుకు పది, పదిహేను సార్లు తుడిచిన ఆ పలక అంచులు అరిగి గుండ్రమైపోయాయి, ఇప్పటికీ మా ఇంట్లో ఉంది. మా నాన్నగారు ముప్పై ఏళ్లు ఉగాది నాడు మా ఊరి గుడిలో పంచాంగ శ్రవణం చేశారు. నాలుగేళ్ల కిందట కమిటీ వారు, ఫోన్‌లో సరైన తిథులు వస్తున్నాయి, ఇక మీరు రానక్కరలేదని కబురు చేశారు. ఆ ఉగాదికి ఆయన పంచె కట్టుకుని మధ్యాహ్నం దాకా అరుగు మీద కూర్చున్నారు.

మీకు కావలసింది సరైన తిథి కాదు మాస్టారూ. దాన్ని చెప్పే హక్కు మాకు లేదని మాతో ఒప్పించడం మీకు కావాలి.

లెక్కల మాస్టారు:
మీ నాన్నగారికి జరిగింది అన్యాయం. అందులో నాకు రెండో మాట లేదు, పై మాట అన్నందుకు క్షమించండి. కానీ హక్కు సంగతి వచ్చింది కాబట్టి నేనూ దాపరికం లేకుండా చెబుతాను. చెప్పే హక్కు మీదే. దిద్దే హక్కు మాత్రం ఎవరికీ లేదనడంతోనే నాకు పేచీ. ఒడిశాలో ఖండపడాకు చెందిన సామంత చంద్రశేఖరుడు దూరదర్శిని లేకుండా, చెక్కతోనూ వెదురుతోనూ చేసుకున్న పరికరాలతో ఏళ్ల తరబడి చంద్రుణ్ణి చూసి, పాత గ్రంథాలలో లేని మూడు సంస్కారాలను పట్టుకున్నాడు. ఆయన సిద్ధాంత దర్పణం 1899లో అచ్చయింది. ఆయన పరాయివాడా? సంప్రదాయంలోనే పుట్టి, సంస్కృతంలోనే రాసి, పాత లెక్కను దిద్దినవాడు. మీ తాతగారు రోజుకు పదిహేను సార్లు పలక తుడిచారన్నారు. తుడవడానికి ఆయన వెనుకాడలేదు కదా.

ఘడియ విఘడియ:
సామంత చంద్రశేఖరుడి పేరు మా ఇంట్లో గౌరవంగా చెప్పుకుంటాం. ఆయన జీవితమంతా ఆకాశం కింద కూర్చుని దిద్దాడు. నేటివారు ఎక్కడో తయారైన అంకెలను దించుకుని, నాలుగు తరాలవారిని తప్పుపడుతున్నారు. దిద్దేవాడికి ఆ చూపు, ఆ చదువు ఉండాలి. మా వాళ్లలోనే అలాంటివాడు వచ్చి దిద్దితే నేను మొదట తల వంచుతాను. అంతవరకు 54, 65 హద్దులలోనే ఉంటాను.

కృష్ణాతీరం:
పెద్దలిద్దరూ మన్నించాలి. ఆడపడుచు గారిని ఒక్క మాట అడుగుతాను. నాన్నగారు పోయిన వేళ ఎంత? ఆ వేళకు అష్టమి ఉందని ఏ పంచాంగం చూసి రాసుకున్నారు?

కోనసీమ ఆడపడుచు:
తెల్లవారుజామున 4 గంటల 40 నిమిషాలకు. అమ్మ ఆ ఏటి పంచాంగం అట్ట లోపలి వైపున రాసి ఉంచింది. మా పురోహితుల పంచాంగమే. అందులో ఆ రోజు అష్టమి 3 గంటల 10 నిమిషాలకు వచ్చింది. మీరు అడిగాక, తమ్ముడి చేత ఆ ఏటి దృక్ పంచాంగం చూపించాను. దాని ప్రకారం అష్టమి ఉదయం 6 గంటల 25 నిమిషాలకు గానీ రాలేదు.

కృష్ణాతీరం:
అంటే దృక్ ప్రకారం నాన్నగారి తిథి సప్తమి. తిథిని ఒక పంచాంగంలో రాసుకుని, తద్దినాన్ని మరో పంచాంగంలో వెతికితే బుధవారం వచ్చింది. పూర్తిగా పూర్వ పద్ధతిలో చూస్తే అష్టమి అపరాహ్ణం మంగళవారం. పూర్తిగా దృక్ పద్ధతిలో చూస్తే సప్తమి అపరాహ్ణం, అదీ మంగళవారమే.

లెక్కల మాస్టారు:
అవును. పుట్టిన వేళ గురించైతే మొదటే అడిగేవాణ్ణి, పోయిన వేళ అడగాలని నాకు తోచలేదు. బుధవారం అని చెప్పిన మాటను వెనక్కు తీసుకుంటున్నాను. అయితే ఇది ఈ ఏటికి కుదిరిన పొంతన మాత్రమే. వచ్చే ఏడు దృక్ సప్తమి, పూర్వపు అష్టమి వేర్వేరు రోజుల్లో అపరాహ్ణానికి రావచ్చు. అప్పటికి ఏ తిథిని పట్టుకోవాలో ఇంట్లో ఇప్పుడే తేల్చుకోండమ్మా.

ఘడియ విఘడియ:
తేల్చుకోవడానికి ఏముంది? సంకల్పంలో మూడేళ్లుగా అష్టమి అని చెప్పి పెట్టారు. అష్టమే ఉంచండి.

లెక్కల మాస్టారు:
అక్కడే నేను మీతో ఏకీభవించను.

కోనసీమ ఆడపడుచు:
మీ ఇద్దరికీ, కృష్ణాతీరం గారికీ నమస్కారాలు. మంగళవారం అని పురోహితులకు కబురు చేశాం. అమ్మ రాసుకున్న ఆ అట్ట లోపలి పేజీని ఫొటో తీసి తమ్ముడికి పంపాను. నాన్నగారు పోయిన వేళ వాడికి ఇంతవరకు తెలియదట. ఆ రోజు వాడు బస్సులో ఉన్నాడు. బుధవారం సెలవును మంగళవారానికి మార్చుకుని, సోమవారం రాత్రికే బయలుదేరుతున్నానని ఇప్పుడే ఫోన్ చేశాడు.