ఉగాది వాల్‌నట్ పాకం: తోట ఆయన వద్దన్నారు, రేపు రాత్రిలోగా తేల్చాలి

మాధవి, ఫిబ్రవరి 10, రాత్రి 9:40
అందరికీ, మొన్న పెట్టిన పనుల జాబితా కాసేపు మర్చిపోండి. తోట పెద్దాయన ఇందాకే ఫోన్ చేశారు. పాకం కాచడానికి చెట్లకు చిల్లు పెట్టి లోపలి నీరు తీద్దామనుకున్నాం కదా, డ్రిల్ పెట్టొద్దట. ఆ బ్లాక్ వాల్‌నట్ చెట్లను ఈ వేసవిలో కలపకు అమ్ముతున్నారట. కొనేవాడు వచ్చి చూసి, కింది దుంగలో చిల్లు కనిపిస్తే వెనీర్‌కు, అంటే ఫర్నిచర్ మీద అతికించే పలచటి చెక్క పొరలకు తీసుకోను, మామూలు కలప ధరే ఇస్తాను అన్నాడట. చిల్లు పడిన చోట పైకీ కిందికీ కలప మరకపడిపోతుందని ఆయన బాధ. తప్పు పట్టలేం, ఆయనకు అది ఎన్నో ఏళ్ల పంట. కానీ శనివారం 14న 40 మంది పిల్లలు వస్తున్నారు, ఫ్లయర్ వెళ్లిపోయింది. మార్చి 21 ఉగాది పచ్చడిలో బెల్లం బదులు మన సొంత పాకం అని కూడా అందులో వేసేశాం. ఏం చేద్దాం?

కిరణ్, 9:52
ఒక్క ముక్క రాయించుకోలేదా అక్కా? చెట్లకు కొట్టే 30 ట్యాపులు, బకెట్లు, మూతలు కలిపి 212 డాలర్లు నా కార్డు మీదున్నాయి. పిల్లల ఫీజు వాపసు ఇస్తే ఖాతాలో మిగిలేది హాలు అడ్వాన్సుకే చాలదు.

ప్రసాద్, 10:05
డిసెంబర్‌లోనే చెప్పాను, మేపుల్ చెట్ల పాకం చేద్దామని. ఒహాయోలో మేపుల్ తోటలు బోలెడు. "అందరూ చేసేదే మనమెందుకు" అన్నారు. సరే.

మాధవి, 10:11
ప్రసాద్ గారూ, డిసెంబర్ మీటింగులో మీరు ఉన్నది 20 నిమిషాలు. అందులో పదిహేను పార్కింగ్ గురించి. ఆ తోటకు మూడుసార్లు నేనే వెళ్లాను, గంటన్నర డ్రైవ్. రాయించుకోవాలని తెలిసినవాళ్లు ఒక్కరైనా నాతో కారెక్కాల్సింది.

కిరణ్, 10:14
నేను మిమ్మల్ని అనలేదు. డబ్బు సంగతి అడిగాను, అంతే.

ప్రియ, 10:20
టీషర్టుల సైజులు ఎవరికి పంపాలి?

నర్సింహులు, ఫిబ్రవరి 11, ఉదయం 6:15
పొద్దున్నే లేచి అంతా చదివిన. మా తాత నల్లగొండ దిక్కు తాళ్లెక్కినోడు. ఒకరు తమ చెట్టు ఇయ్యనంటే లొట్టి పగలగొట్టుకుంటమా, ఇంకో చెట్టు చూసుకుంటం. మీ ఇండ్ల వెనకాల ఏమున్నయో ఎవరన్నా చూసిన్రా?

సుష్మ, 7:30
అంకుల్ అడిగారు కాబట్టి చెప్తున్నా. మా కంచె పక్కన మూడు పెద్ద చెట్లున్నాయి. వాటి కింద ఏటా టమాటా నాటుతాను, ఏటా వాడిపోతుంది. నీళ్లు సరిగ్గా పోయడం లేదని మా ఆయన నన్నే అంటారు. అక్టోబర్‌లో పచ్చటి కాయలు, టెన్నిస్ బంతులంత, దబదబా రాలతాయి. ఏరితే చేతులకు పట్టిన గోధుమ రంగు వారమైనా పోదు. ఇవి అవేనా?

ప్రసాద్, 7:41
నూటికి తొంభై పాళ్లు అవే. వాల్‌నట్ వేళ్లలో జుగ్లోన్ అనే రసాయనం ఉంటుంది, టమాటాకు అది పడదు. మీ ఆయనకు చూపించండి. ఇప్పుడు ఆకుల్లేవు కాబట్టి ఒక పని చేయండి: పెన్సిలంత కొమ్మ కోసి నిలువుగా చీల్చండి. లోపలి బెండు నిచ్చెన మెట్లలా అరలు అరలుగా ఉండాలి.

సుష్మ, 8:05
మెట్లే! ఫోటో పెట్టాను చూడండి.

ప్రసాద్, 8:20
ఇక అనుమానం లేదు. టేపు పెట్టి కొలవండి. చుట్టుకొలత కనీసం 38 అంగుళాలు ఉంటేనే చిల్లు, అంటే అడుగు మందం. సన్నవాటి జోలికి వెళ్లొద్దు. డ్రిల్ నేను తెస్తాను, అంగుళంన్నర లోతు చాలు. వాల్‌నట్‌లో నీరు పారే తెల్ల కలప పొర పలచన. పొట్టు తెల్లగా వస్తున్నంతసేపే తొలవాలి, ముదురు రంగు కనిపిస్తే ఆగిపోవాలి. మాధవి గారూ, రాత్రి నోరు జారాను.

పద్మ, 9:10
మధ్యలో వచ్చానని అనుకోకండి. మా చిన్నవాడికి నట్స్ పడవు, ఫారంలో రాశాను. పచ్చడిలో ఈ పాకం కలుపుతారా?

మాధవి, 9:25
అయ్యో పద్మా, ఇది నా బుర్రకు తట్టనే లేదు. కలపం. చెట్టే వాల్‌నట్ అయినప్పుడు పాకంలో ఉందో లేదో అని వాదించే పనే లేదు, ఉన్నట్టే లెక్క. పచ్చడి మామూలు బెల్లంతోనే. పాకానికి వేరే టేబుల్, వేరే చెంచాలు, పెద్దక్షరాలతో బోర్డు.

కిరణ్, 12:40
24 ట్యాపులు వాపసు తీసుకున్నారు. ఆరు ఉంచాను. సుష్మ గారి చెట్లలో రెండు లావైనవి, పక్కింటాయన చెట్లు ఇంకో రెండు. ఒక సీసా ఇస్తే చాలన్నాడు. అక్కా, రాత్రి మాటకు సారీ. అకౌంట్లు చూస్తూ టెన్షన్‌లో ఉన్నాను.

మాధవి, ఫిబ్రవరి 14, సాయంత్రం 6:30
వచ్చింది 11 మంది పిల్లలే. పెరడు ఎవరికీ ఇరుకు కాలేదు. పొద్దున 24 డిగ్రీల ఫారన్‌హీట్, మధ్యాహ్నం 41. రాత్రి గడ్డకట్టి పగలు కరిగితేనే చెట్టు కారుతుందని ప్రసాద్ గారు చెప్తుంటే ఎవరూ వినలేదు. ట్యాపు కొట్టిన నిమిషానికి మొదటి చుక్క బకెట్ అడుగున టప్‌మంది, అప్పుడు అందరూ చెవులు పెట్టారు. నర్సింహులు అంకుల్ చుక్క నాలుక మీద వేసుకుని "నీరా గాదు, ఉత్త నీళ్లే" అన్నారు.

నర్సింహులు, 7:02
నీళ్లే గద మరి. కానీ ఎండకు పెట్టకున్రి, నీరా లెక్కనే ఇదీ చెడిపోతది. మంచుల దాచున్రి.

ప్రసాద్, ఫిబ్రవరి 22, రాత్రి 11:15
వారంలో తొమ్మిది గ్యాలన్లు. 86ను చక్కెర శాతంతో భాగిస్తే గ్యాలన్ పాకానికి ఎన్ని గ్యాలన్ల నీరు కావాలో వస్తుంది. మనది ఒకటిన్నర శాతం, అంటే 57. బిర్యానీ బర్నర్ మీద, సుష్మ గారి గరాజ్ బయట, మధ్యాహ్నం నుంచి కాచాం. వంటింట్లో పెట్టి ఉంటే ఆవిరికి గోడలు కారేవి. 219 డిగ్రీల దగ్గర దించాం, లేత పాకానికి కాస్త ముందు. వడకట్టడమే చావు. వాల్‌నట్ నీటిలో పెక్టిన్ అనే జిగురు పదార్థం ఉంటుందని చదివాను గానీ ఇంతనుకోలేదు. గుడ్డ మీద జున్నులా పేరుకుంది, చుక్క దిగదు. మూడు గుడ్డలు మార్చాం. చివరికి సీసాలో పోసి ఫ్రిజ్‌లో పెట్టాం, రేపు తేరిన పైపాకం మాత్రం వంచుకుందాం.

సుష్మ, 11:30
వంచితే రెండు చిన్న సీసాలు రావచ్చు. ఒకటి పక్కింటాయనది. గిన్నె అడుగున అంటుకున్నది పిల్లలు వేళ్లతోనే నాకేశారు.

కిరణ్, 11:38
మిగిలేది ఒక సీసా, ఉగాదికి వచ్చేవాళ్లు 250 మంది. చెంచా కాదు, టూత్‌పిక్ ముంచి ఇద్దాం.

ప్రియ, 11:41
టీషర్టులు?

సుష్మ, ఫిబ్రవరి 23, ఉదయం 7:05
రాత్రి మళ్లీ 26 డిగ్రీలకు పడిపోయింది. ఎండ వచ్చేస్తోంది, ట్యాపులు ఇప్పుడే తీయొద్దు. ఖాళీ పాల క్యాన్లు ఎవరి దగ్గరున్నా కడిగి తీసుకురండి. కిరణ్, నీ బర్నర్ ఇక్కడే ఉంచుతున్నా.