అప్‌డేట్: వాంద్రుప్ పోస్ట్‌కార్డు చిక్కు విడిపోయింది

పోయిన నెల నేను అడిగింది ఇదీ: పాత వస్తువుల సంతలో కొన్న 1912 నాటి పోస్ట్‌కార్డు మీద డెన్మార్క్‌లోని వాంద్రుప్‌ను సరిహద్దు స్టేషన్ అని రాశారు. ఇప్పటి మ్యాప్‌లో చూస్తే జర్మనీ సరిహద్దు దక్షిణాన 60 కిలోమీటర్లకు పైనే ఉంది. ఎందుకలా?

జవాబిచ్చిన అందరికీ థాంక్స్. "1864 యుద్ధం చూడండి" అన్న అన్నయ్య మాటే దారి చూపింది. ప్రష్యా (తర్వాత జర్మనీలో భాగమైన రాజ్యం), ఆస్ట్రియాలతో జరిగిన ఆ యుద్ధంలో డెన్మార్క్ తన దక్షిణాన ఉన్న ష్లెస్విగ్ ప్రాంతాన్ని పోగొట్టుకుంది. సరిహద్దు ఉత్తరానికి జరిగి వాంద్రుప్ పక్కకు వచ్చేసింది. 1866లో డెన్మార్క్‌లోని ఫ్రెడెరిషియా పట్టణం నుంచి రైలు వచ్చింది. అంతే, చర్చి చుట్టూ ఉన్న పల్లెకు కస్టమ్స్ వాళ్లు, సామాన్ల తనిఖీ, అటూ ఇటూ వెళ్లే ప్రయాణికుల హడావిడి! భూతద్దం పెట్టి చూశాను, కార్డులో ప్లాట్‌ఫామ్ ఊరికి మించి పొడవుగా ఉంది. ఇప్పుడు కారణం తెలిశాక ఆ బొమ్మ మీదే మనసు నిలిచిపోతోంది.

1920 ఫిబ్రవరిలో, అప్పటిదాకా జర్మనీలో ఉన్న ఉత్తర ష్లెస్విగ్ ప్రజలు డెన్మార్క్‌కు ఓటు వేశారు, ఆ ఏడాదే అందులో కలిశారు. సరిహద్దు స్టేషన్ దక్షిణాన కొత్త సరిహద్దు దగ్గరున్న పాడ్‌బోర్గ్‌కు వెళ్లిపోయింది. దేశమంతా సంబరపడిన ఆ ఏడాదే ఈ ఊరు తనను పెంచిన పనిని పోగొట్టుకుంది. నాకు బాగా బాధనిపించింది అక్కడే.

కార్డు మీద "సరిహద్దు స్టేషన్" అన్నది అచ్చుతప్పేమో అన్న అనుమానం తప్పు. మొదటి ప్రపంచ యుద్ధానికీ కార్డు మీది ఆ మాటకూ సంబంధం లేదు, కార్డు అంతకు ముందుది.