పక్షవాతం వచ్చాక బాగున్న చేతిని కట్టేయాలా?

ఫిజియో_రమణ: కట్టాలి. కొత్తలో పడిపోయిన చేయి మాట వినదు, రోగి విసిగి పనులన్నీ రెండో చేత్తోనే కానిస్తాడు. తర్వాత నాడులు కొంత కోలుకున్నా ఆ అలవాటు పోదు. 2006 నాటి ఎక్సైట్ అనే అధ్యయనంలో 222 మందితో ఇదే పరీక్షించారు: కొందరికి మెలకువగా ఉన్న సమయంలో 90 శాతం బాగున్న చేతికి తొడుగు, పడిపోయిన చేత్తో రోజుకు ఆరు గంటల దాకా సాధన, రెండు వారాలు. ఫలితం ఏడాదికీ నిలిచింది.

గౌతమి: రోజుకు ఆరు గంటల సాధన ఇంట్లో ఎవరు చేయిస్తారండీ?

సింధు_న్యూరో: ఎక్సైట్‌లో చేరింది పక్షవాతం వచ్చి 3 నుంచి 9 నెలలైనవాళ్లు. బాగా బలహీనంగా ఉన్నవాళ్లకు కూడా మణికట్టు 10 డిగ్రీలు లేవాలి, బొటనవేలూ మరో రెండు వేళ్లూ 10 డిగ్రీలు తెరుచుకోవాలి. మెదడు ఆజ్ఞలను వెన్నుపాముకు చేర్చే నాడుల దారి, కార్టికోస్పైనల్ మార్గం, మెదడు లోపలి ఇంటర్నల్ క్యాప్సూల్ అనే చోట ఇరుకుగా దిగుతుంది, అక్కడ చిన్న దెబ్బకే చేయీ కాలూ పడిపోతాయి. దారే తెగితే తొడుగు ఏం చేస్తుంది?

ఫిజియో_రమణ: తెగిందని మీకెలా తెలుసు?

సింధు_న్యూరో: పక్షవాతం వచ్చిన మూడో రోజు మంచం దగ్గరే బలానికి మార్కులు వేస్తాం. భుజం పక్కకు ఎత్తడానికి 5, వేళ్లు తెరవడానికి 5. రెండూ కలిపి 5కు తగ్గితే టీఎంఎస్‌తో, అంటే తల బయటి నుంచి అయస్కాంతంతో మెదడును ప్రేరేపించి, చేతి కండరంలో స్పందన వస్తుందా అని చూడాలి. ఇంకోటి, 2009 నాటి వెక్టర్స్ అనే మరో అధ్యయనంలో తొలి వారాల్లోనే 90 శాతం తొడుగూ, 3 గంటల సాధనా పెట్టినవాళ్లు 90వ రోజుకు మిగతావాళ్లకంటే వెనకబడ్డారు.

ఫిజియో_రమణ: అది మోతాదు తప్పు, తొడుగుది కాదు! అసలు పని సాధనది. చింతపిక్కలు గిన్నెలోంచి గిన్నెలోకి, 30 సెకన్ల చొప్పున పదిసార్లు, కుదిరాక గిన్నె ఇంకాస్త దూరం. ఇది చేయించకుండా ఉత్త తొడుగేసి పంపేస్తే ఏం వస్తుంది?

నీలిమ: మెట్లెక్కేటప్పుడు, వేడి గిన్నెల దగ్గర, స్నానంలో తొడుగు తీసేయండి. పడితే తుంటి విరుగుతుంది.

సింధు_న్యూరో: రమణగారూ, మళ్లీ తొడుగు దగ్గరికే వచ్చారు. చేయి వాడితే బలం వచ్చేస్తుందని ఇంట్లోవాళ్లకు చెబుతున్నారు. రాకపోతే రోగి బద్ధకస్తుడైపోతాడు. నాకు మండేది అక్కడ.

ఫిజియో_రమణ: మూడో రోజు వేసిన మార్కులు చూసి ఆ చేతిని వదిలేస్తున్నారు. నాకు మండేది అక్కడ. మార్కులు తక్కువైనా టీఎంఎస్‌లో స్పందన వచ్చినవాళ్లు లేరా?

సింధు_న్యూరో: ఉన్నారు. అందుకే ఆ రెండో పరీక్ష.

గౌతమి: స్పందన కూడా రాకపోతే?

ఫిజియో_రమణ: అప్పుడు తొడుగు వద్దు. కీళ్లు బిగుసుకోకుండా రోజూ మెల్లగా కదిలించండి, కూర్చున్నప్పుడు మోచేయి కింద దిండు పెట్టండి. లేపేటప్పుడు చేయి పట్టి లాగొద్దు, చంకలో చేయి వేసి ఎత్తొద్దు. భుజం జారేది అక్కడే.