ఏకాకృతి వెలుగా, ఏకాకిగ వెలుగా?

సత్యజిత్ రాయ్ సినిమాల కెమెరామన్ సుబ్రత మిత్ర పని మీద వ్యాసం రాస్తున్నాను. పైన గజేంద్రమోక్షం పద్యం పెడదామని. ‘పెంజీకటి కవ్వల నెవ్వం డేకాకిగ వెలుఁగు’ అని నోట్లో నానుతోంది, పుస్తకం దగ్గర లేదు. అది ఏకాకిగ (ఒంటరిగా) అనా, ఏకాకృతి (ఒకే రూపుతో) అనా? ‘అపరాజితో’ (1956)లో కాశీ ఇంటి మండువా స్టూడియోలో వేసిన సెట్టు. ఆకాశం ఉండాల్సిన చోట తెల్లగుడ్డ కట్టి, కింద నుంచి లైట్లు దాని మీదికి కొట్టి, తిరిగి పడ్డ వెలుగులో తీశారు. దీపం ఎక్కడుందో కంటికి దొరకదు. అందుకే ఈ పద్యం.

—
ఏకాకృతి. ఇందులో అనుమానమేముంది?

—
ఉంది మాస్టారూ. ఛందస్సు తేల్చదు. ‘డేకా, కిగ వెలుఁ, గు నతని’ అన్నా నాలుగేసి మాత్రలు సరిపోతాయి, ప్రాస కకారమూ చెడదు. మా తాతగారు ఏకాకిగ అనే చదివేవారు.

—
సంస్కృత భాగవత మూలం చూడండి, ‘యస్తస్య పారేఽభివిరాజతే విభుః’, ఆ చీకటికి ఆవల వెలిగే ప్రభువు అని. ఒంటరితనం ఊసే లేదు.

—
ఏకాకృతీ లేదు కదండీ! అది పోతన సొంతం. లోకాలు, లోకేశులు, లోకస్థులు అందరూ పోయాక మిగిలినవాడు ఒంటరి కాక మరేమిటి?

—
‘పెం’ దగ్గర ఎవరూ ఆగరేం? రెండో పాదం ‘పెం’ అని విరిగి మూడోది ‘జీకటి’ అని మొదలవుతుంది. ప్రాస కోసమే, ఒప్పుకుంటాను, కానీ గొంతెత్తి చదివితే చీకటి పాదం దాటి పాకినట్టుంటుంది. పోతన తప్ప ఇంకొకరు చెయ్యలేరు.

—
మిత్ర దగ్గరికి వద్దాం. ఏకాకిగ ఆయనకు అతకదు. ఆ మండువాలో వెలుగు ఒంటరి దీపానిది కాదు, అంతటా ఒకే తీరుగా పరుచుకున్నది, మనుషుల వెనక గోడ మీద బండ నీడలు పడవు. ‘పథేర్ పాంచాలి’కి ముందు మూవీ కెమెరా పట్టని కుర్రాడు, ఫ్రెంచి దర్శకుడు రెన్వా ‘ది రివర్’ షూటింగ్ పక్కన నిలబడి లైట్లు ఎక్కడ పెట్టారో బొమ్మలు గీసుకున్నవాడు, ఇంత తొందరగా ఇది కనిపెట్టాడంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తుంది.

—
వెలుగుకి అతకకపోవచ్చు, మనిషికి అతుకుతుంది. ‘నాయక్’ (1966) తరవాత రాయ్‌తో పనిచెయ్యలేదు, చేసిన సినిమాలూ తక్కువే. జాతీయ అవార్డు ‘న్యూ ఢిల్లీ టైమ్స్’కి గానీ రాలేదు.

—
అసలు సంగతి, పద్యంలో ‘వెలుఁగు’ క్రియ. ‘ఎవ్వండు వెలుఁగు’, ఎవడు ప్రకాశిస్తాడో అని. వ్యాసం పైన సగం తుంచి పెడితే అందరూ కాంతి అనే చదువుకుంటారు. నాలుగు పాదాలూ పెట్టండి.

—
పెడతాను. పాఠాంతరాలిచ్చిన పాత ముద్రణ ఎవరి దగ్గరైనా ఉంటే ఆ పేజీ ఫోటో పెట్టరూ?