చెక్కు బౌన్స్ అయితే డైరెక్టర్లందరినీ ముద్దాయిలుగా చేర్చాలా?

ఫీడ్ డీలర్, భీమవరం:
రొయ్యల మేత అరువు మీద ఇస్తుంటాను. ఒక ప్రైవేట్ లిమిటెడ్ కంపెనీ ఇచ్చిన 18 లక్షల చెక్కు ఖాతాలో డబ్బుల్లేక వెనక్కొచ్చింది. డైరెక్టర్లు నలుగురు: ఎండీ, ఆయన భార్య, బావమరిది, ఒక రిటైర్డ్ ఆఫీసరు. సంతకం ఎండీది. నలుగురి మీదా చెక్కుల చట్టం 138 సెక్షన్ (చెక్కు బౌన్స్ నేరం) కింద కేసు వేయాలని నేను. "ఆవిడ ఆఫీసు గడప తొక్కిందా ఎప్పుడైనా? ఆవిణ్ణెందుకు కోర్టుకీడుస్తావు?" అని నాన్న. లాభాలొచ్చినప్పుడు నలుగురూ తిన్నారు కదా!

పేరుకే డైరెక్టర్:
నాలాంటివాళ్లం ఏం తిన్నామండీ? ప్రైవేట్ కంపెనీకి కనీసం ఇద్దరు డైరెక్టర్లుండాలని మా బంధువు నా ఆధార్, పాన్ తీసుకున్నాడు. చెక్ బుక్కు ఏ రంగులో ఉంటుందో కూడా తెలీదు నాకు. రాజీనామా చేసి, డైరెక్టర్‌గా తప్పుకున్నట్టు కంపెనీల రిజిస్ట్రార్‌కి డీఐఆర్-12 ఫారం దాఖలయ్యాక ఇచ్చిన చెక్కుకి నాకు సమన్లొచ్చాయి. వాయిదాకి వెళ్లకపోతే వారెంటు టెన్షన్. బాకీకి జైలేమిటసలు?

ప్లీడరు, తెనాలి:
ఆ జైలు 1989 ఏప్రిల్ నుంచీ ఉంది. 2002 సవరణతో గరిష్ఠంగా రెండేళ్లయింది, జరిమానా చెక్కు మొత్తానికి రెట్టింపు దాకా వేయొచ్చు. కంపెనీ చెక్కయితే ఆ శిక్ష ఎవరికి అన్నది అదే చట్టం 141 సెక్షన్ చెబుతుంది: నేరం జరిగిన సమయానికి కంపెనీ వ్యాపారం నడిపిస్తూ, దానికి బాధ్యత వహిస్తున్నవారికి. 2005లో ఎస్‌ఎంఎస్ ఫార్మా కేసులో (మన హైదరాబాద్ కంపెనీయే) సుప్రీంకోర్టు తేల్చేసింది. డైరెక్టర్ అన్న హోదా ఒక్కటే చాలదు, ఆ బాధ్యత ఉందని ఫిర్యాదులో రాయాలి. ఎండీకి మాత్రం ఆ హోదాతోనే బాధ్యత వస్తుంది, సంతకం పెట్టినవాడూ తప్పించుకోలేడు. ఇంకో మాట, కంపెనీని ముద్దాయిగా చేర్చకుండా డైరెక్టర్లను మాత్రమే వేస్తే కేసు నిలవదు. 2012 అనీతా హడా తీర్పు అదే.

ఫీడ్ డీలర్, భీమవరం:
లోపల ఎవరేం చూస్తున్నారో బయటివాణ్ణి, నాకెలా తెలుస్తుంది సార్? వాళ్ల బోర్డు మీటింగులో నేనేమన్నా కూర్చున్నానా?

ప్లీడరు, తెనాలి:
న్యాయమైన ప్రశ్న. 2022లో ఎస్‌పీ మణి కేసులో కోర్టు ఇంచుమించు మీ మాటే అంది: లోపలి సంగతి వాళ్లకే తెలుసు, బాధ్యత లేదని విచారణలో వాళ్లే చూపించుకోవాలి అని. అంటే ఫిర్యాదులో ఆ వాక్యం ఉంటే చాలావరకు కేసు నడుస్తుంది. అది ఆసరా చేసుకుని లాయర్లం అందరి పేర్లకీ ఒకే వాక్యం అతికించేస్తున్నాం, నిజం చెప్పాలంటే.
పేరుకే డైరెక్టర్ గారూ, మీ దగ్గర డీఐఆర్-12 ఉందంటున్నారు కదా. హైకోర్టులో క్వాష్ (మీ మీద కేసు కొట్టేయమని పిటిషన్) వేయండి. తిరుగులేని కాగితం ఉన్నవాళ్లకు 2014 గున్మాలా సేల్స్ తీర్పు ఆ దారి ఉంచింది.

ఆడిటర్, బెజవాడ:
చట్టం సరే, డీలరు గారికి గిట్టుబాటవుతుందా అన్నది చూడండి. నలుగురిని వేస్తే నలుగురికీ సమన్లు అందాలి. ఆ రిటైర్డ్ ఆఫీసరు డాలస్‌లో కూతురి దగ్గరుంటే? ఒకరు ఈ వాయిదాకి రారు, ఇంకొకరు పై వాయిదాకి రారు. కేసు విడగొట్టమని మీరే మళ్లీ పిటిషన్ వేసుకోవాలి. పోనీ కేసు తేలేలోపు మధ్యంతర పరిహారమైనా వస్తుందా అంటే, 143ఏ సెక్షన్ కింద చెక్కు మొత్తంలో 20 శాతం దాకా ఇప్పించేది చెక్కు ఇచ్చిన కంపెనీ చేతే. సంతకం పెట్టిన డైరెక్టర్ చేత కట్టించడం కుదరదని 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. సంతకమే లేని భార్యను వేసి మీకొచ్చేదేమిటి?

ఫీడ్ డీలర్, భీమవరం:
వచ్చేది రాజీ! ఎండీ నా ఫోను ఎత్తడు. ఇంటావిడ పేరు మీద సమన్లొస్తే ఆ సాయంత్రమే ఎత్తుతాడు.

పేరుకే డైరెక్టర్:
చూశారా, మమ్మల్ని వేసేది నేరం చేశామని కాదు, ఎండీ మెడలు వంచడానికి.

ప్లీడరు, తెనాలి:
ఇద్దరి మాటా నిజమే, కానీ నా ఓటు పేరుకే డైరెక్టర్ గారికి. డీలరు గారూ, కంపెనీని, ఎండీని వేయండి. బావమరిది సరుకు ఆర్డర్లు పెట్టినట్టు మెసేజీలుంటే అతన్నీ చేర్చండి. ఆవిడనీ, ఆఫీసరునీ వదిలేయండి. ఇంతకీ చెక్కు వెనక్కొచ్చిందన్న బ్యాంకు మెమో ఎప్పుడొచ్చింది? అందిన 30 రోజుల్లో నోటీసు ఇవ్వాలి.

ఫీడ్ డీలర్, భీమవరం:
ఇరవై రోజులు దాటింది సార్. నోటీసు రేపే పంపిస్తా, కంపెనీతో కలిపి ఐదుగురికీ. కేసు వేసేటప్పుడు ఆవిడ సంగతి చూద్దాం.