గాలి కురొసావాదా, గేమ్ వాళ్లదా?

పెన్నాగట్టు (నెల్లూరు):
నిన్న ‘ఘోస్ట్ ఆఫ్ సుషిమా’ అనే సమురాయ్ వీడియో గేమ్‌లో, పాత జపాన్ సినిమాల దర్శకుడు కురొసావా పేరు మీదున్న ‘కురొసావా మోడ్’ పెట్టి రెండు గంటలు ఆడాను. తెరంతా నలుపు తెలుపు, పాత రీలు మీద మచ్చలు, గొంతులు కూడా పాత రేడియోలో విన్నట్టు. బాగుంది, కాదనను. కానీ దీన్నే పట్టుకుని ఓపెన్ వరల్డ్ గేములకు (మనకిష్టమొచ్చిన చోటికి తిరిగే గేములకు) పాత సినిమాలే గురువులంటుంటే నాకు పడట్లేదు. సినిమాలో కెమెరా దర్శకుడి చేతిలో ఉంటుంది. ఇక్కడ నా చేతిలో ఉంది, కత్తియుద్ధం మధ్యలో గుర్రం తోక వైపు తిప్పుకుని కూర్చుంటా, ఎవరాపుతారు?

ఒంగోలుగిత్త:
అన్నా, రంగు సంగతి పక్కనపెట్టు. ఆ గేమ్‌లో మూలన చిన్న మ్యాప్ లేదు గదా, దారి ఎట్లా తెలుస్తా ఉంది నీకు? కంట్రోలర్ టచ్‌ప్యాడ్ మీద వేలు పైకి తోస్తే గాలి లేస్తుంది, గడ్డంతా మనం పోవాల్సిన వైపు వంగుతుంది. కురొసావా తీసిన 1954 నాటి ‘సెవెన్ సమురాయ్’ చివరి యుద్ధం చూడు, ఆ వాన, ఆ బురద... మనిషి కదలకుండా నిలబడినా వెనకాల వాన కదులుతానే ఉంటుంది. ఆ పనే ఇక్కడ గాలి చేస్తా ఉంది. కెమెరా నీకిచ్చేశారు సరే, గాలి మాత్రం వాళ్ల దగ్గరే ఉంచుకున్నారు.

పెన్నాగట్టు:
గాలి చూసి దారి పట్టడానికి సినిమా ఎందుకబ్బా? మైపాడులో పడవలోళ్లు రోజూ చేసేది అదే, వాళ్లేమన్నా కురొసావాని చూశారా!

కొండకిందకుర్రోడు (ఉదయగిరి):
ఇద్దరికీ ఒక మాట. ‘రెడ్ డెడ్ రిడంప్షన్ 2’ గేమ్‌లో మ్యాప్ మీద పోవాల్సిన చోటు గుర్తు పెట్టి సినిమాటిక్ కెమెరా పెడితే పైనా కిందా నల్లపట్టీలు పడి గుర్రం దానంతటదే రోడ్డు పట్టుకుని పోతుంది, నేను ఆ గ్యాప్‌లో టీ తాగొస్తా. అంటే సినిమా కావాలంటే ఆట ఆపాలన్నమాట, ఇంతవరకు పెన్నాగట్టు అన్నదే కరెక్టు. కానీ మా ఊరికి బస్సులో వచ్చేటప్పుడు చూడండి, మలుపు తిరిగితే కొండ కనపడుతుంది, ఇంకో మలుపుకి చెట్లచాటుకి పోతుంది, మళ్లీ ఒక్కసారిగా ఎదురుగా వచ్చి నిలబడుతుంది. మాకది ఎవరూ ప్లాన్ చేయలేదు. గేమ్‌లో ఆ మలుపు ఎక్కడుండాలో ఒకడు కూర్చుని లెక్కేస్తాడు. నా దృష్టిలో సినిమాకి ఎడిటింగ్ ఎట్లాగో గేమ్ వాళ్లకి అదట్లా.

పెన్నాగట్టు:
మలుపు వరకు ఒప్పుకుంటా తమ్ముడూ. గాలి ఒప్పుకోను.

ఒంగోలుగిత్త:
అయితే ఇది చెప్పు. ఉత్త ఫిల్టరే అయితే రంగు తీసేస్తే సరిపోయేది, కురొసావా మోడ్‌లో గాలి కూడా పెంచారు, ఎందుకు?

పెన్నాగట్టు:
పెంచారా? నేను గమనించలేదే. రాత్రికి మోడ్ తీసేసి అదే పొలంలో నిలబడి చూస్తా ఆగు.