జిప్సం పార్టిషన్ ఫ్రేమ్‌కి స్క్రూల బదులు క్రింపింగ్ ప్లయర్ వాడుతున్నారు, ఆగుతుందా?

కొండాపూర్_ఫ్లాట్:
అన్నా ఒక డౌట్. హాల్లో కొంచెం జాగా అడ్డం కట్టించి ఆఫీస్ రూమ్ చేయిస్తున్నా, జిప్సం బోర్డు పార్టిషన్. కిందా పైనా ఛానెల్ (అడ్డం రేకు పట్టీ) కొట్టి స్టడ్‌లు (నిలువు రేకు కమ్మీలు) నిలబెట్టిండ్రు, అంతవరకు ఓకే, కానీ స్టడ్‌కి ఛానెల్‌కి మధ్యల ఒక్క స్క్రూ లేదు, పొడుగు చేతుల ప్లయర్ లాంటిది పెట్టి టక్కున నొక్కుతున్నరు, దగ్గరికి పోయి చూస్తే రేకు చిన్న నాలుకలెక్క లోపలికి మడిచి ఉంది. అడిగితే అందరూ ఇట్లనే చేస్తరు సార్ అంటడు. తలుపు పెట్టాలె, టీవీ కూడా. స్క్రూలు మిగిల్చుకుంటున్నరా ఏంది?

సైట్_సూపర్వైజర్:
మిగిల్చుకోవడం కాదు బ్రో, అది సరైన పనిముట్టే. రెండు రేకులని ఒకేసారి పొడిచి అంచు మడుస్తుంది కాబట్టి ఊడదు. స్క్రూ పెడితే దాని తలకాయ బోర్డు కింద లేచి ఉంటుంది, బోర్డు అక్కడ స్టడ్‌కి ఆనదు, పుట్టీ పెట్టాక ఆ ఉబ్బు లైట్ పడితే కనిపిస్తుంది, అప్పుడు పెయింటర్‌ని తిడతారు పాపం. అసలు క్రింప్, అంటే ఆ మడత, పని ఫ్రేమ్‌ని కదలకుండా పట్టుకోవడమే, గోడకి గట్టితనం వచ్చేది బోర్డుని 25 ఎంఎం స్క్రూలతో స్టడ్‌కి బిగించాకే. నువ్వు చూడాల్సింది వేరే. ప్లయర్ బయట ఛానెల్ వైపు నుంచి లోపలికి పొడవాలి, మడత బయటికి వస్తే మళ్ళీ అదే ఉబ్బు. స్టడ్‌ల నోళ్ళన్నీ, అంటే తెరిచి ఉన్న పక్కలు, ఒకే వైపు ఉండాలి, 1220 ఎంఎం బోర్డుకి స్టడ్ నుంచి స్టడ్‌కి 610 మించొద్దు. ఇంకోటి, స్టడ్‌ని పైన స్లాబ్‌కి తన్నేలా కోయకూడదు, కొద్దిగా గ్యాప్ ఉండాలి, స్లాబ్ కిందికి వంగే అవకాశం ఉన్న చోట పైన క్రింప్ కూడా చేయరు.

రాణిగంజ్_టూల్స్:
పైన అన్న చెప్పింది కరెక్టే కానీ ఇది పల్చని రేకుకే, అర ఎంఎం అటూ ఇటూ. మందం రేకు మీద నొక్కితే చిల్లు సగమే పడి మడత పట్టదు, చేతులు గుంజుడే మిగుల్తది. అసలు స్టడ్‌నే చేత్తో కొంచెం గుంజి చూడు, ఊగితే పక్కన ఇంకోటి నొక్కమను. తప్పు చోట పడ్డదాన్ని స్క్రూడ్రైవర్‌తో విప్పొచ్చు గానీ చిల్లు ఉండిపోతది, మళ్ళీ అదే చిల్లులో నొక్కొద్దు.

కొండాపూర్_ఫ్లాట్:
థాంక్స్ అన్నా. మరి తలుపు, టీవీ సంగతి?

సైట్_సూపర్వైజర్:
అక్కడ క్రింప్ నమ్ముకోకు. తలుపుకి రెండు పక్కలా డబుల్ స్టడ్ వేయించి కింద ఛానెల్‌కి స్క్రూలో రివెట్లో కొట్టించు, లోపల చెక్క పెట్టిస్తే చౌకట్టు స్క్రూలు పట్టుకుంటాయి, లేకపోతే తలుపు వేసినప్పుడల్లా గోడ అదురుతుంది. టీవీ వచ్చే చోట స్టడ్‌ల మధ్య ప్లైవుడ్ పెట్టి స్టడ్‌లకి బిగించమను, అదీ రెండో వైపు బోర్డు మూసేలోపే. మూసే ముందు ఫోన్‌లో ఫోటోలు తీసిపెట్టుకో, వైర్లు ఎటు పోయాయో కూడా పడేలా.